లోగో వచ్చేలోపు జరిగే సీలు పరీక్ష

విశాఖలో జగదాంబ కూడలి చుట్టుపక్కల మొబైల్ రిపేరు షాపులకు ఒక రకం ఫోన్లు వస్తుంటాయి. రాత్రి చార్జింగ్ పెట్టినప్పుడు బాగానే ఉంది, పొద్దున చూస్తే ఆన్ కావడం లేదు. పవర్ బటన్ నొక్కితే నల్లటి తెర మీద చిన్న ఇంగ్లిషు అక్షరాలు కనిపిస్తాయి. 'యువర్ డివైస్ ఈజ్ కరప్ట్. ఇట్ కాంట్ బీ ట్రస్టెడ్ అండ్ మే నాట్ వర్క్ ప్రాపర్లీ.' కొన్ని ఫోన్లలో ఆ కిందే, పవర్ బటన్ నొక్కకపోతే ఐదు సెకన్లలో ఆగిపోతుందని కూడా ఉంటుంది. ఫోన్ తెచ్చినవాళ్లకు అందులో గుచ్చుకునే మాట ఒక్కటే, కరప్ట్. ఇక టెన్షన్ మొదలు. వైరస్ వచ్చిందా? ఎవరైనా హ్యాక్ చేశారా? ఖాతాలో డబ్బులు ఉన్నాయా, పోయాయా?

వాక్యం భయపెట్టేలా ఉంది గానీ, అది చెప్పే విషయం చాలా చిన్నది, చాలా కచ్చితమైనది. ఫోన్‌లో ఇప్పుడున్న సాఫ్ట్‌వేరు, కంపెనీ సంతకం పెట్టి పంపిన సాఫ్ట్‌వేరు అక్షరం పొల్లుపోకుండా ఒకేలా లేవు. అంతే. తేడా ఎందుకొచ్చిందో ఫోన్‌కు తెలియదు. స్టోరేజీ చిప్ పాతబడి ఒక మూల పాడై ఉండవచ్చు. అప్‌డేట్ సగంలో ఆగి ఉండవచ్చు. ఇంతకుముందు ఏదో షాపులో వేరే ఫైలు ఎక్కించి ఉండవచ్చు. నిజంగానే ఎవరో దురుద్దేశంతో మార్చి ఉండవచ్చు. నాలుగింటికీ ఫోన్ ఇచ్చే జవాబు ఒకటే. ఈ పరీక్ష ఏం చూస్తుందో, ఏం చూడదో తెలిస్తేనే ఆ జవాబును సరిగ్గా అర్థం చేసుకోగలం.

దీన్ని అర్థం చేసుకోవడానికి విశాఖ వాసులకు పోర్టు కన్నా మంచి ఉదాహరణ దొరకదు. రొయ్యల కంటైనర్ ఒకటి ఎగుమతికి వెళ్తోందనుకుందాం. ప్లాంటులో సరుకు ఎక్కించాక తలుపుకు ఇనుప బోల్టు సీలు బిగిస్తారు. ఆ సీలుకు ఒక నంబరు ఉంటుంది, అదే నంబరు కాగితాల్లోకి ఎక్కుతుంది. టెర్మినల్ గేటు దగ్గర కంటైనర్ తెరిచి రొయ్యలు లెక్కపెట్టరు. సీలు విరిగిందా లేదా, దాని మీది నంబరు, కాగితం మీది నంబరు కలిశాయా లేదా చూస్తారు. కలిస్తే లోపలికి వదులుతారు. సీలు సరిగ్గా ఉందంటే దాన్ని ఎవరు వేశారో తెలుస్తుంది, వేసిన తర్వాత తలుపు తెరవలేదని తెలుస్తుంది. లోపలి రొయ్యలు తాజావో కావో సీలు చెప్పదు. ఫోన్ ఆన్ అయ్యేటప్పుడు జరిగేది కూడా సరిగ్గా ఈ గేటు తనిఖీయే. ఇంత బలం, ఇంతే పరిమితి.

అయితే గేటు దగ్గర ఉండే మనిషిని నమ్మగలగాలి కదా. చూసేవాడే దొంగతో కలిస్తే సీలు ఎంత గట్టిదైనా లాభం లేదు. ఫోన్‌లోనూ మొదటి చిక్కు ఇదే. సాఫ్ట్‌వేరును తనిఖీ చేసేది మరో సాఫ్ట్‌వేరే. ఆ తనిఖీ చేసేదాన్ని ఎవరు తనిఖీ చేయాలి? దాని వెనక ఇంకొకటి, దాని వెనక మరొకటి. ఇలా వెనక్కి వెళ్తూ ఎక్కడో ఒకచోట మార్చడానికి వీల్లేనిది ఉండి తీరాలి. 1997లో పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయానికి చెందిన ఆర్బా, ఫార్బర్, స్మిత్ అనే ముగ్గురు పరిశోధకులు మామూలు కంప్యూటర్ల కోసం ఈ పద్ధతిని క్రమబద్ధంగా వివరించారు. ప్రతి దశా తన తర్వాతి దశను పరీక్షించాకే పగ్గాలు అప్పగించాలి, మొదటి దశ మాత్రం మారనిదై ఉండాలి అన్నది దాని సారం. నేటి ఫోన్లన్నీ నడిచేది ఆ దారిలోనే.

ఫోన్‌లో మారని ఆ మొదటి దశ పేరు బూట్ రామ్. ప్రాసెసర్ చిప్ తయారయ్యేటప్పుడే సిలికాన్‌లో కలిసిపోయిన చిన్న ప్రోగ్రామ్ ఇది. దీన్ని చెరిపేయలేం, తిరగరాయలేం, అప్‌డేట్ కూడా చేయలేం. పవర్ బటన్ నొక్కగానే ప్రాసెసర్ మొట్టమొదట నడిపేది దీన్నే. ఐఫోన్లలో ఆపిల్ బహిరంగ కీ ఈ బూట్ రామ్‌లోనే ఉంటుంది. ఆండ్రాయిడ్ ఫోన్లలో చిప్ చేసేది ఒక కంపెనీ, ఫోన్ చేసేది మరో కంపెనీ కాబట్టి కాస్త వేరే ఏర్పాటు కావాలి. చిప్ లోపల ఇ-ఫ్యూజులని అతి సన్నని ఫ్యూజులుంటాయి. ఇంట్లో ఫ్యూజు కాలిపోతే కొత్త తీగ వేసుకుంటాం, వీటికి ఆ అవకాశం లేదు. ఒకసారి కరెంటు పంపి కాల్చితే శాశ్వతంగా కాలినట్టే. క్వాల్‌కామ్ చిప్‌లున్న ఫోన్లలో ఫ్యాక్టరీలో ఫోన్ తయారయ్యేటప్పుడు ఫోన్ కంపెనీ కీకి సంబంధించిన వేలిముద్రను ఈ ఫ్యూజుల్లో కాల్చి పెడతారు. ఆ తర్వాత ఆ ఫోన్ జీవితమంతా ఆ ఒక్క కంపెనీ సంతకాన్నే గుర్తిస్తుంది.

కీ, సంతకం, వేలిముద్ర అనే మాటలను ఇక్కడ కొంచెం విడమర్చుకోవాలి. హ్యాష్ అనేది ఒక లెక్క. ఎంత పెద్ద ఫైలునైనా తీసుకుని దాని నుంచి ఒక చిన్న సంఖ్యను ఇస్తుంది. ఫోన్లలో ఎక్కువగా వాడే ఎస్‌హెచ్ఏ-256 లెక్కలో ఆ సంఖ్య పొడవు ఎప్పుడూ 32 బైట్లే. ఫైలులో ఒక్క బిట్ మారినా ఈ సంఖ్య పూర్తిగా వేరే సంఖ్య అయిపోతుంది. అదే సంఖ్య వచ్చేలా వేరే ఫైలును తయారు చేయడం ఇప్పటి కంప్యూటర్లకు సాధ్యమయ్యే పని కాదు. అందుకే దాన్ని వేలిముద్ర అనవచ్చు. కంపెనీ తన దగ్గర మాత్రమే ఉన్న రహస్య కీతో ఆ వేలిముద్ర మీద డిజిటల్ సంతకం పెడుతుంది. దానికి జత అయిన బహిరంగ కీతో ఎవరైనా ఆ సంతకం నిజమైనదో కాదో చూడవచ్చు గానీ, దానితో కొత్త సంతకం పెట్టలేరు. ఫోన్‌లో ఉండేది బహిరంగ కీ మాత్రమే. ఫోన్‌ను ముక్కలు ముక్కలుగా విప్పి చూసినా కంపెనీ సంతకాన్ని ఫోర్జరీ చేసే కీ దొరకదు.

ఇప్పుడు వరుస చూద్దాం. బూట్‌లోడర్ అంటే ఆపరేటింగ్ సిస్టమ్‌ను మొదలుపెట్టే చిన్న ప్రోగ్రామ్. బూట్ రామ్ మొదటి బూట్‌లోడర్ సంతకాన్ని పరీక్షిస్తుంది. సరిపోతే దాన్ని నడుపుతుంది. అది తర్వాతి బూట్‌లోడర్‌ను పరీక్షిస్తుంది. ఆ బూట్‌లోడర్ స్టోరేజీలోని వీబీమెటా అనే చిన్న విభాగాన్ని చదువుతుంది. ఆండ్రాయిడ్‌లోని మిగతా విభాగాలకు సంబంధించిన వేలిముద్రలన్నీ అందులో ఉంటాయి, దాని మీద కంపెనీ సంతకం ఉంటుంది. ఈ పద్ధతి 2017లో ఆండ్రాయిడ్ 8తో వచ్చింది. వీబీమెటా సరిగ్గా ఉంటే కెర్నల్‌ను, అంటే ఆపరేటింగ్ సిస్టమ్ గుండెకాయను, మెమరీలోకి తెచ్చి దాని వేలిముద్ర పోలుస్తారు. ఇదంతా తెర మీద కంపెనీ లోగో వచ్చే ఆ కొద్ది సెకన్లలో జరిగిపోతుంది. ఐఫోన్‌లో పేర్లు వేరు, ఐబూట్ అనే దశ కెర్నల్‌ను పరీక్షిస్తుంది. ఒకరి చేతి నుంచి ఒకరికి అందే పద్ధతి మాత్రం ఒకటే.

ఇక్కడ ఒక సందేహం రావాలి. బూట్‌లోడర్, కెర్నల్ చిన్న ఫైళ్లు, చిటికెలో వేలిముద్ర తీయవచ్చు. కానీ ఆండ్రాయిడ్ సిస్టమ్ విభాగం గిగాబైట్లలో ఉంటుంది. ఆన్ చేసిన ప్రతిసారీ అదంతా మొదటి నుంచి చివరిదాకా చదివి లెక్క కట్టాలంటే, ఫోన్ ఆన్ చేసి టీ తాగి రావాలి. ఈ చిక్కును విప్పిన తీరు ఈ మొత్తం కథలో అన్నిటికన్నా అందమైన భాగం. కొంచెం ఆగి చూడదగ్గది.

రాల్ఫ్ మెర్కిల్ అనే అమెరికన్ శాస్త్రవేత్త 1979లో ప్రతిపాదించిన, చెట్టు లాంటి ఒక అమరిక దీనికి ఆధారం. మళ్లీ కంటైనర్ దగ్గరికే వెళ్దాం. కంటైనర్‌కు మొత్తంగా ఒక్క సీలు బదులు లోపలి ప్రతి పెట్టెకూ ఒక సీలు వేశారనుకోండి. ఆ సీళ్ల నంబర్లను 128 చొప్పున కాగితాల మీద రాశారు. ఆ కాగితాలకు మళ్లీ సీళ్లు వేసి, వాటి నంబర్లను మరికొన్ని కాగితాల మీద రాశారు. ఇలా పైకి వెళ్తూ చివరికి ఒకే ఒక్క కాగితం మిగిలింది. దాని సీలు నంబరు ఒక్కటి గట్టిగా దాచుకుంటే చాలు. ఎప్పుడు ఏ పెట్టె కావాలన్నా ఆ పెట్టె సీలు, అది రాసిన కాగితం, ఆ పై కాగితం, ఇలా పైదాకా మూడు నాలుగు నంబర్లు చూస్తే సరిపోతుంది. మిగతా పెట్టెలను ముట్టుకోనక్కర్లేదు.

ఫోన్‌లో ఆ పెట్టెను బ్లాక్ అంటారు, సైజు 4,096 బైట్లు. సిస్టమ్ విభాగం 2 జీబీ అనుకుంటే అందులో 5,24,288 బ్లాకులుంటాయి. ఒక్కో బ్లాకుకు 32 బైట్ల హ్యాష్. ఒక బ్లాకులో సరిగ్గా 128 హ్యాష్‌లు పడతాయి కాబట్టి మొదటి అంతస్తు హ్యాష్‌లకు 4,096 బ్లాకులు కావాలి, అంటే 16 ఎంబీ. వాటి హ్యాష్‌లకు 32 బ్లాకులు చాలు. ఆ 32 హ్యాష్‌లు ఒకే బ్లాకులో పడతాయి. ఆ ఒక్క బ్లాకు హ్యాష్, ముప్పై రెండంటే ముప్పై రెండు బైట్లు, మొత్తం 2 జీబీలకూ పూచీ. సంతకం దాకా వెళ్లేది ఆ ముప్పై రెండు బైట్లే. లక్షల బ్లాకుల్లో ఎక్కడ ఒక్క బిట్ మారినా ఆ మార్పు కొమ్మల మీదుగా పాకి వేరు దగ్గర, అంటే ఆ చివరి హ్యాష్‌లో, బయటపడుతుంది.

ఆండ్రాయిడ్‌కు ఆధారమైన లైనక్స్ కెర్నల్‌లో ఈ పని చేసే భాగం పేరు డీఎం-వెరిటీ. క్రోమ్‌బుక్ ల్యాప్‌టాప్‌ల కోసం గూగుల్ తయారు చేసిన దీన్ని 2012లో లైనక్స్‌లో చేర్చారు, 2013లో ఆండ్రాయిడ్ 4.4తో ఫోన్లకు వచ్చింది. దీనిలోని కీలకం ఏమిటంటే, పరీక్ష ఆన్ చేసినప్పుడే ముగిసిపోదు. ఫోన్ ఏదైనా బ్లాకును స్టోరేజీ నుంచి చదవాల్సి వచ్చినప్పుడే ఆ బ్లాకును పరీక్షిస్తుంది. కాబట్టి ఫోన్ మామూలుగా ఆన్ అయి, రెండు రోజులు బాగా నడిచి, మూడో రోజు ఎవరూ వాడని ఒక సెట్టింగు తెరిచినప్పుడు హఠాత్తుగా రీస్టార్ట్ కావచ్చు. ఆ మూలనున్న బ్లాకు పాడైందని అప్పుడే బయటపడింది మరి. 'నేనేమీ చేయలేదండీ, దానంతటదే అయిపోయింది' అని షాపులో చెప్పేవాళ్ల మాట చాలాసార్లు అక్షరాలా నిజం. కస్టమర్ ఏదో నొక్కి పాడు చేసి ఉంటారనే అనుమానం ముందే పెట్టుకోవడం న్యాయం కాదు.

2016లో ఆండ్రాయిడ్ 7 ఈ పరీక్షను కఠినం చేసింది. అంతకుముందు తేడా కనిపిస్తే ఒక హెచ్చరికతో సరిపెట్టి ముందుకు పోయే వీలుండేది. ఆ వెర్షన్ నుంచి బూట్ విభాగం పాడైతే ఫోన్ మామూలుగా ఆన్ కాదు. అయితే కఠినం చేస్తే ఒక కొత్త కష్టం వస్తుంది. ఫ్లాష్ స్టోరేజీలో కాలం గడిచేకొద్దీ ఏ దురుద్దేశమూ లేకుండానే బిట్లు తిరగబడతాయి. ఒక్క బిట్ కోసం ఫోన్ మొత్తం మొరాయిస్తే, కొన్ని నెలల జీతం కూడబెట్టి కొనుక్కున్నవాళ్లు ఏం కావాలి? అందుకే అదే వెర్షన్‌లో తప్పులు సరిదిద్దే కోడ్‌ను కూడా చేర్చారు. సీడీల మీద గీతలు పడినా పాట ఆగకుండా చేసిన రీడ్-సాలమన్ గణితమే ఇది. దీని కోసం వాడే అదనపు చోటు 0.8 శాతమే. 2-3 జీబీల సిస్టమ్ విభాగంలో 16 నుంచి 24 ఎంబీల దాకా వరుసగా పాడైనా తిరిగి సరిచేయగలదని అప్పట్లో గూగుల్ వివరించింది. సరిచేసిన బ్లాకును కూడా మళ్లీ హ్యాష్‌తో పోల్చాకే వాడుకుంటుంది, కాబట్టి భద్రత తగ్గలేదు. ఎరుపు హెచ్చరిక వచ్చిందంటే ఈ మరమ్మతు కూడా చాలనంత నష్టం జరిగిందని, లేదా సంతకమే కలవలేదని అర్థం.

ఎరుపు అన్న మాట వచ్చింది కాబట్టి రంగుల సంగతి. ఆండ్రాయిడ్‌లో ఈ పరీక్ష ఫలితానికి నాలుగు రంగుల పేర్లున్నాయి. అంతా సరిగ్గా ఉంటే ఆకుపచ్చ, తెర మీద ఏమీ రాదు, నేరుగా లోగోనే. పరీక్షలో తప్పితే ఎరుపు. బూట్‌లోడర్ అన్‌లాక్ అయి ఉంటే నారింజ, అంటే గేటు తీసే ఉంది, సంతకాన్ని పట్టించుకోవడం లేదు అని. మీడియాటెక్ చిప్ ఉన్న ఫోన్లలో కొన్ని 'ఆరెంజ్ స్టేట్' అని తెర మీదే రాసి, ఐదు సెకన్లు ఆగి ముందుకు వెళ్తాయి. నాలుగోది పసుపు. దీని గురించి చాలామందికి తెలియదు, తర్వాత చెప్పుకుందాం.

నారింజ స్థితిలోకి ఫోన్ రెండు దారుల్లో వస్తుంది. ఒకటి తెలిసి చేసినది. మధురవాడ వైపు ఇంజినీరింగ్ చదివే కుర్రాళ్లకు ఇది పరిచయమే, కంపెనీ అప్‌డేట్లు ఆపేసిన పాత ఫోన్‌లో లీనియేజ్ ఓఎస్ లాంటి వేరే ఆండ్రాయిడ్ వేసుకోవడానికి బూట్‌లోడర్ అన్‌లాక్ చేస్తారు. ఇది తప్పు పని కాదు. ఫోన్ వాళ్లది, ఇంకో రెండేళ్లు వాడుకుంటారు. రెండోది తెలియక జరిగేది, బాధ కలిగించేది. లోగో దగ్గర ఆగిపోయిన ఫోన్‌ను షాపులో ఇస్తారు. 'సాఫ్ట్‌వేర్ వేయాలి' అంటారు. కంపెనీ సంతకమున్న అసలు ఫైళ్లు ఎక్కిస్తే సమస్యే లేదు, పరీక్ష దాటుతుంది. ఆ మోడల్‌కు సరైన ఫైలు దొరక్క, ఎవరో మార్చిన ఫైలు ఎక్కిస్తే సంతకం కలవదు. కలవని ఫైలుతో ఫోన్ నడవాలంటే బూట్‌లోడర్ అన్‌లాక్ చేయాలి. ఫోన్ ఆన్ అయింది కదా అని కస్టమర్ సంతోషంగా వెళ్లిపోతారు. ఇంటికెళ్లాక బ్యాంకు యాప్ తెరుచుకోదు. ఆ రెండింటికీ సంబంధం ఉందని వాళ్లకు ఎవరూ చెప్పరు.

సంబంధం ఇలా ఉంటుంది. బూట్‌లోడర్ తన పరీక్ష ఫలితాన్ని ప్రాసెసర్‌లోని ప్రత్యేక సురక్షిత భాగానికి అందజేస్తుంది. బూట్‌లోడర్ లాక్ అయి ఉందా, ఏ రంగు వచ్చింది, ఏ కీతో పరీక్షించారు అనే వివరాలు అక్కడ చేరతాయి. ఆ తర్వాత మామూలు ఆండ్రాయిడ్ ఎంత బతిమాలినా వాటిని మార్చలేదు. ఏదైనా యాప్ అడిగినప్పుడు ఆ సురక్షిత భాగం ఈ వివరాల మీద తన సొంత సంతకం పెట్టి ఇస్తుంది. బ్యాంకు సర్వర్ ఆ కాగితాన్ని చూసుకుంటుంది. గూగుల్ ప్లే ఇంటిగ్రిటీ అనే సేవ చాలా యాప్‌ల తరఫున ఈ పని చేసిపెడుతుంది. కాబట్టి నారింజ ఫోన్‌లో బ్యాంకు యాప్ రానంటే అది యాప్ జబ్బు కాదు. యాప్ తీసేసి మళ్లీ వేసుకున్నా లాభం ఉండదు. శామ్‌సంగ్ ఫోన్లలో అయితే అనధికార సాఫ్ట్‌వేర్ ఎక్కితే నాక్స్ అనే ఒక ఫ్యూజు కాలిపోతుంది. ఆ తర్వాత అసలు సాఫ్ట్‌వేరు తిరిగి వేసినా సెక్యూర్ ఫోల్డర్ లాంటివి ఆ ఫోన్‌లో ఇక పనిచేయవు. కాలిన ఫ్యూజు అతుక్కోదు.

అన్‌లాక్ చేయగానే ఫోటోలు, మెసేజీలు అన్నీ చెరిగిపోవడం కూడా చాలామందిని ఏడిపిస్తుంది. ఇది క్రూరంగా కనిపిస్తుంది గానీ దీని వెనక గట్టి కారణం ఉంది. ఆర్టీసీ కాంప్లెక్సులో ఎవరిదో ఫోన్ పోయిందనుకుందాం. దొరికినవాడు బూట్‌లోడర్ అన్‌లాక్ చేసి, స్క్రీన్ లాక్‌ను పట్టించుకోని ఆండ్రాయిడ్ ఒకటి ఎక్కిస్తే ఆ ఫోన్‌లోని జీవితమంతా వాడి చేతిలో పడుతుంది. అలా జరగకుండా, అన్‌లాక్ అవుతున్న క్షణంలోనే పాత డేటా పోవాలని నియమం పెట్టారు. పైగా డేటాను తెరిచే కీలు బూట్ స్థితితో ముడిపడి ఉంటాయి. పరీక్షలో వేరే కీ, వేరే స్థితి కనిపిస్తే సురక్షిత భాగం పాత కీలను ఇవ్వదు. నిజమైన యజమానికి నష్టం కలిగించే నియమమే దొంగకు అడ్డు. అందుకే షాపులో ఫోన్ ఇచ్చేముందు 'డేటా పోతుందా' అని మాత్రమే కాకుండా 'బూట్‌లోడర్ అన్‌లాక్ చేస్తారా' అని అడగడం మంచిది.

సీలు అసలైనదే అయినా పాతదైతే? ఇదొక సూక్ష్మమైన మోసం. పోయిన సంవత్సరం ఆండ్రాయిడ్‌లో ఒక పెద్ద లోపం ఉండేది, కంపెనీ దాన్ని సరిదిద్దింది. కానీ ఆ పాత వెర్షన్ మీద కూడా కంపెనీ సంతకం నిజమైనదే. దాడి చేసేవాడు కొత్తది తీసి పాతది ఎక్కిస్తే సంతకం కలుస్తుంది, లోపం తిరిగొస్తుంది. దీనికి విరుగుడుగా ప్రతి వెర్షన్‌కూ ఒక సంఖ్య ఇచ్చి, ఇప్పటిదాకా చూసిన పెద్ద సంఖ్యను ఫోన్ ఎవరూ చెరపలేని చోట రాసుకుంటుంది. దానికన్నా చిన్న సంఖ్య వస్తే నిరాకరిస్తుంది. 2022 ఆగస్టులో పిక్సెల్ 6 ఫోన్లకు ఆండ్రాయిడ్ 13 ఇచ్చినప్పుడు గూగుల్ ఇలాగే బూట్‌లోడర్ సంఖ్యను పెంచింది. ఒకసారి ఎక్కించాక ఆండ్రాయిడ్ 12కు వెనక్కి వెళ్లే దారి మూసుకుపోయింది. ఆపిల్ దారి వేరు. ఐఫోన్‌లో దాని ఆపరేటింగ్ సిస్టమ్ ఐఓఎస్ ఎక్కించే ప్రతిసారీ ఆ ఫోన్ చిప్ నంబరుతో కలిపి ఆపిల్ సర్వర్ అప్పటికప్పుడు సంతకం పెట్టాలి. పాత వెర్షన్లకు సర్వర్ సంతకం పెట్టడం మానేస్తే ఇక అంతే.

ఇంత కట్టుదిట్టం చేశాక కూడా మిగిలిపోయేవి మూడున్నాయి. వాటిని దాచి ఈ పద్ధతిని పొగిడితే పాఠకులను మోసగించినట్టే.

మొదటిది, పునాదిలోనే బీట. బూట్ రామ్‌ను మార్చలేకపోవడం దాని బలం, అందులో తప్పుంటే అదే దాని శాపం. 2019 సెప్టెంబరులో చెక్‌మేట్ పేరుతో బయటపడిన లోపం ఇలాంటిదే. ఐఫోన్ 4ఎస్ నుంచి ఐఫోన్ 10 దాకా వాడిన ఏ5 నుంచి ఏ11 చిప్‌ల బూట్ రామ్‌లో అది ఉంది. అప్పటికే అమ్మిన ఫోన్లలో దాన్ని సరిదిద్దే అప్‌డేట్ రాలేదు, రావడం సాధ్యం కూడా కాదు. ఊరట ఏమిటంటే దాన్ని వాడుకోవడానికి ఫోన్ చేతిలో ఉండాలి, కేబుల్ పెట్టాలి, ఫోన్ రీస్టార్ట్ చేస్తే దాని ప్రభావం పోతుంది.

రెండోది, సీలు వేసేవాడి ఇంట్లోనే దొంగ. 2019 జూన్‌లో గూగుల్ భద్రతా బృందం ట్రయాడా అనే హానికర ప్రోగ్రామ్ గురించి వివరంగా రాసింది. కొన్ని ఫోన్ల సిస్టమ్‌లోకి అది ఫ్యాక్టరీ దాటకముందే చేరిపోయింది. ఏదో ఫీచర్ తయారు చేయమని ఫోన్ కంపెనీ బయటి సంస్థకు సాఫ్ట్‌వేర్ పంపితే, తిరిగొచ్చేటప్పుడు అది లోపల కూర్చుని వచ్చింది. దాని మీద కంపెనీ స్వయంగా సంతకం పెట్టాక ఇక పరీక్షకు తప్పు పట్టే అవకాశమే ఉండదు. కుళ్లిన రొయ్యల మీద అసలైన సీలు. పేరు తెలియని బ్రాండ్ ఫోన్ చవగ్గా వస్తోందని కొనేటప్పుడు ఆలోచించాల్సింది ఇదే.

మూడోది మన ఊళ్లో రోజూ జరిగేది. పరీక్ష పరిధి సిస్టమ్ విభాగాల వరకే. మనం వేసుకునే యాప్‌లు, మన ఫైళ్లు ఉండే విభాగం రోజూ మారుతుంది కాబట్టి దానికి ముందే సంతకం పెట్టడం కుదరదు. ట్రాఫిక్ చలానా అనో, బ్యాంకు కేవైసీ అనో, పెళ్లి శుభలేఖ అనో వాట్సాప్‌లో ఏపీకే ఫైలు, అంటే ప్లే స్టోర్‌తో పని లేకుండా యాప్ వేసే ఫైలు, వస్తుంది. నొక్కి, అడిగిన అనుమతులన్నీ ఇచ్చేస్తే అది ఎస్ఎంఎస్‌లు చదివి ఓటీపీలు దొంగిలిస్తుంది. అప్పుడు కూడా ఫోన్ ఆకుపచ్చగానే ఆన్ అవుతుంది. సిస్టమ్‌ను ఎవరూ ముట్టుకోలేదు కదా. ఇక్కడ ఈ పరీక్ష చేసే మేలు ఒకటుంది. ఆ ఏపీకే సిస్టమ్ విభాగంలోకి చొరబడి శాశ్వతంగా పాతుకుపోలేదు. ఫ్యాక్టరీ రీసెట్ చేస్తే పోతుంది. పెగాసస్ లాంటి ఖరీదైన గూఢచర్య సాఫ్ట్‌వేరు విషయంలో కూడా, అది ఐఫోన్లలో రీస్టార్ట్ తర్వాత నిలవడం మానేసిందని 2021 జులైలో ఆమ్నెస్టీ అనే మానవ హక్కుల సంస్థ పరిశోధకులు గమనించారు. అమెరికా జాతీయ భద్రతా సంస్థ ఫోన్‌ను వారానికోసారి ఆపి ఆన్ చేయమని చెప్పడం వెనక కారణం కూడా ఇలాంటిదే. ఒక్క రీస్టార్ట్‌తో బూట్ రామ్ నుంచి మొత్తం వరుస మళ్లీ కొత్తగా నడుస్తుంది.

హెచ్చరిక తెర వచ్చినవాళ్లు ముందు చేయాల్సింది కంగారు పడకపోవడం, ఆ తెరను ఇంకో ఫోన్‌తో ఫోటో తీయడం. అక్షరాలు కరప్ట్ అంటున్నాయా, అన్‌లాక్డ్ అంటున్నాయా అన్నదాన్ని బట్టి రోగం వేరు. 2016 తర్వాతి ఫోన్లలో చాలావాటిలో సిస్టమ్ రెండు ప్రతులుగా ఉంటుంది. అప్‌డేట్ పాడైతే ఫోన్ తనే పాత ప్రతికి మారుతుంది, కాబట్టి ఒకటి రెండుసార్లు ఆపి ఆన్ చేసి చూడవచ్చు. అప్పటికీ రాకపోతే కంపెనీ సర్వీస్ సెంటర్‌కు వెళ్లడం మేలు. సంతకమున్న సరైన ఫైలు దొరికే అవకాశం వాళ్ల దగ్గరే ఎక్కువ. గాజువాకలోనో ద్వారకానగర్‌లోనో సెకండ్ హ్యాండ్ ఫోన్ కొనేవాళ్లు డబ్బు ఇచ్చేముందు ఫోన్‌ను పూర్తిగా ఆపి, తమ కళ్ల ముందే ఆన్ చేయించాలి. లోగోకు ముందు ఏ హెచ్చరికా రాకూడదు. ఆన్ అయి ఉన్న ఫోన్‌ను చేతిలో పెట్టి చూపిస్తే ఈ సంగతి ఎప్పటికీ తెలియదు.

ఇక పసుపు. ఇప్పటిదాకా చెప్పిన పద్ధతిలో సీలు ఎప్పుడూ కంపెనీదే. కంపెనీ అప్‌డేట్లు ఆపేస్తే ఫోన్ యజమానికి రెండే దారులు మిగులుతాయి, లోపాలతో నిండిన పాత సాఫ్ట్‌వేరుతో ఆకుపచ్చగా ఉండటం, లేదా కొత్త సాఫ్ట్‌వేరు వేసుకుని గేటు తెరిచి నారింజలో ఉండటం. ఈ రెండూ సరైనవి కావు. డబ్బు పెట్టి కొన్న మనిషికి తన ఫోన్‌కు తానే సీలు వేసుకునే హక్కు ఉండాలి. పసుపు స్థితి ఆ హక్కు కోసమే ఉంది. గూగుల్ పిక్సెల్ ఫోన్లలో బూట్‌లోడర్ అన్‌లాక్ చేసి, గ్రాఫీన్ ఓఎస్ లాంటి వేరే ఆపరేటింగ్ సిస్టమ్‌ను ఎక్కించి, దాని కీని ఫోన్‌కు నేర్పి, బూట్‌లోడర్‌ను మళ్లీ లాక్ చేయవచ్చు. అప్పటి నుంచి పరీక్ష అంతా యథావిధిగా జరుగుతుంది, కాకపోతే కొత్త కీతో. మార్పు చేస్తే పట్టుకుంటుంది, పాత వెర్షన్ వేస్తే ఒప్పుకోదు. ఈ సౌకర్యం ఇచ్చే ఫోన్లు ఇంకా చాలా తక్కువ. మిగతా కంపెనీలు కూడా ఇవ్వాలి, ముఖ్యంగా తాము అప్‌డేట్లు ఆపేసే రోజున.

ఆ ఫోన్ ఆన్ చేసిన ప్రతిసారీ పసుపు గుర్తుతో ఒక తెర వస్తుంది, వేరే ఆపరేటింగ్ సిస్టమ్ నడుస్తోందని చెప్పి, ఆ కీ వేలిముద్రను అంకెలు, అక్షరాల్లో చూపిస్తుంది. ఏ మోడల్‌కు ఏ వేలిముద్ర రావాలో ఆ ఆపరేటింగ్ సిస్టమ్ తయారుచేసేవాళ్లు ముందే ప్రకటించి ఉంటారు. యజమాని దాన్ని కాగితం మీద రాసి పెట్టుకుంటే, తెర మీదిదీ కాగితం మీదిదీ పక్కపక్కన పెట్టి, పోర్టు గేటు దగ్గర సీలు నంబరు చూసినట్టే, ఒక్కో అక్షరం పోల్చుకోవచ్చు.